మ్యాచ్ ఓడితే కోచ్‌ని తీసేస్తారు, పిల్ల కాలు చెడితే?

గత అక్టోబరు 25 రాత్రి మా వీధిలో ఓ స్నేహితుడింట్లో కాలేజీ ఫుట్‌బాల్ చూస్తున్నాం. ఆయన టెక్సస్ ఎ అండ్ ఎమ్‌లో ఎమ్మెస్ చేశాడు. ఇరవై ఏళ్లు దాటినా ఆ మెరూన్ చొక్కా మాత్రం వదల్లేదు. ఆ రాత్రి వాళ్ల జట్టు లూసియానా వెళ్లి ఎల్‌ఎస్‌యూని 49-25తో చిత్తు చేసింది. మర్నాడు ఎల్‌ఎస్‌యూ తన కోచ్ బ్రయన్ కెల్లీని ఇంటికి పంపేసింది. కాంట్రాక్టు ప్రకారం ఆయనకు ఇంకా ఇవ్వాల్సింది 53 మిలియన్ డాలర్లకు పైమాటే.

తెనాలి నుంచి వచ్చి అప్పుడు మా దగ్గరే ఉన్న నాన్నకి ఈ సంగతి చెప్పాను. ఆయన ముప్పై రెండేళ్లు జిల్లా పరిషత్ హైస్కూల్లో లెక్కలు చెప్పారు. "పనిలోంచి తీసేసినవాడికి అంత డబ్బు దేనికిరా?" అన్నారు. కాసేపాగి, "అయినా బంతి పట్టుకుని పరిగెత్తింది ఆయన కాదుగా" అని కూడా అన్నారు.

ఆయనకి జవాబు చెబుదామని మొదలుపెట్టి చాలా దూరం వెళ్లాను. ఈలోగా ఫిబ్రవరిలో మా ఇంట్లోనే ఒకటి జరిగింది. దాంతో నాన్న ప్రశ్న నాకు వేరేగా వినిపించడం మొదలుపెట్టింది. ఆ సంగతి తర్వాత చెబుతాను. ముందు కోచ్ సంగతి.

క్రికెట్‌తో పెరిగిన మనకు కోచ్ అంటే పెవిలియన్ బాల్కనీలో నల్ల కళ్లద్దాలు పెట్టుకుని కూర్చునే మనిషి. ఫీల్డర్లను అటూ ఇటూ జరిపేది కెప్టెన్, బౌలర్‌కి బంతి ఇచ్చేది కెప్టెన్, ఓడితే తిట్లు తినేది కూడా కెప్టెనే. 1983లో కపిల్ సేన కప్పు కొట్టినప్పుడు ఆ జట్టుకి కోచ్ అనే ఆయనే లేడు. వెంట వెళ్లిన మేనేజర్ మన హైదరాబాద్ మాన్‌సింగ్ గారు. అందుకే అమెరికా ఫుట్‌బాల్ మొదటిసారి చూసినవాళ్లకి ఒక సంగతి వింతగా ఉంటుంది. గీత బయట హెడ్‌సెట్ పెట్టుకుని, మెనూ కార్డంత అట్ట చేతిలో పట్టుకుని నిలబడ్డాయన ప్రతి ఆటా తానే చెబుతుంటాడు. క్వార్టర్‌బ్యాక్ హెల్మెట్ లోపల స్పీకరు ఉంటుంది. ఎన్‌ఎఫ్‌ఎల్ దీన్ని 1994లో అనుమతించింది, కాలేజీ ఫుట్‌బాల్ పెద్ద జట్లకు 2024లో వచ్చింది. గడియారంలో 15 సెకన్లు మిగిలేదాకా కోచ్ గొంతు పిల్లాడి చెవిలో మోగుతూనే ఉంటుంది. ఆ తర్వాతే లైన్ కట్ అవుతుంది.

మొదటినుంచీ ఇలా లేదు. ఎన్‌ఎఫ్‌ఎల్‌లో 1944 దాకా గీత బయటినుంచి ఆట చెప్పడం నిబంధనలకు విరుద్ధం. మైదానంలో ఉన్నవాళ్లే ఆలోచించుకోవాలి. తర్వాత ఆ నిషేధం పోయింది. 1950లో ఆటగాళ్లను ఎన్నిసార్లయినా మార్చుకోవచ్చన్న నియమం స్థిరపడింది. క్లీవ్‌లాండ్ కోచ్ పాల్ బ్రౌన్ ఒక్కో ఆటకి ఒక్కో ఆటగాడిని లోపలికి పంపి, వాడి నోటితో సందేశం చేరవేసేవాడు. 1956లో హెల్మెట్‌లో రేడియో కూడా పెట్టి చూశాడు. అప్పట్లో లీగ్ ఒప్పుకోలేదు. నాలుగు దశాబ్దాలు తిరక్కుండానే అదే రేడియోని లీగే చట్టబద్ధం చేసింది.

నా ఉద్దేశంలో కోచ్‌ని రాజుని చేసింది ఆ రేడియో కంటే ఆటగాళ్లను ఇష్టమొచ్చినట్టు మార్చుకునే వీలు. క్రికెట్లో పదకొండు మంది పేర్లు ఇచ్చేశాక దాదాపు అందరూ చివరిదాకా ఉంటారు. ఇక్కడ ఫుట్‌బాల్, బాస్కెట్‌బాల్, వాలీబాల్ ఏదైనా సరే, ఎవరు లోపల ఉండాలి, ఎవరు బెంచ్ మీద కూర్చోవాలి అన్నది ఆట నడుస్తుండగానే కోచ్ తేలుస్తాడు. బేస్‌బాల్‌లో ఆయన్ని మేనేజర్ అంటారు, ఆటగాళ్ల యూనిఫామే వేసుకుంటాడు, కానీ పిచ్చర్ చేతిలోంచి బంతి తీసుకునే అధికారం మాత్రం ఆయనదే. అమెరికా బళ్లో లెక్కల టీచరుకు ఇలాంటి అధికారం లేదు. మార్కు తగ్గితే తల్లిదండ్రులు ఈమెయిల్ పెడతారు, ప్రిన్సిపాల్ దాకా వెళ్తారు. బెంచ్ మీద కూర్చోబెట్టినందుకు మాత్రం కోచ్ ఎవరికీ సంజాయిషీ ఇవ్వక్కర్లేదు.

అంత అధికారం ఇచ్చినందుకు ఈ దేశం తీసుకునే ధర, నింద మొత్తం ఆయన నెత్తినే వేయడం. నాన్న మొదటి ప్రశ్నకి ఇందులోనే సగం జవాబు ఉంది. పదిహేను మంది ఆటగాళ్లను తీసేయడం కష్టం, ఒక్క కోచ్‌ని తీసేయడం సులువు. ఆ సంగతి తెలిసిన కోచ్, చేరేటప్పుడే తీసేసే రోజు ఖర్చు రాయించుకుంటాడు. గెలుస్తున్న రోజుల్లో వేరే యూనివర్సిటీ ఎగరేసుకుపోతుందేమోనని భయపడి వీళ్లు కాంట్రాక్టు పొడిగిస్తారు. రెండేళ్లు తిరగ్గానే ఆ భయానికి బిల్లు వస్తుంది. 2023 నవంబరులో టెక్సస్ ఎ అండ్ ఎమ్ తన కోచ్ జిమ్బో ఫిషర్‌ని పంపేయడానికి ఒప్పుకున్న మొత్తం సుమారు 76 మిలియన్లు. మెరూన్ చొక్కా మిత్రుడు ఆ రోజు ఈ లెక్క ఎత్తితే మాట మార్చేవాడు. ఇప్పుడు ఎల్‌ఎస్‌యూ వంతు కాబట్టి హాయిగా నవ్వుతున్నాడు.

ఈ పతనంలో అక్టోబరు ఒక్కటే చూడండి. పెన్ స్టేట్ కోచ్ జేమ్స్ ఫ్రాంక్లిన్ అంతకుముందు జనవరిలోనే జట్టును జాతీయ సెమీఫైనల్ దాకా తీసుకెళ్లాడు. వరసగా మూడు మ్యాచ్‌లు ఓడగానే అక్టోబరు 12న ఉద్వాసన. ఇవ్వాల్సింది దాదాపు 49 మిలియన్లు. వారం తర్వాత ఫ్లోరిడా కోచ్ పోయాడు, ఆ పై వారం కెల్లీ. ఫ్రాంక్లిన్‌కి నెల తిరగ్గానే వర్జీనియా టెక్‌లో ఉద్యోగం దొరికింది. దాంతో పెన్ స్టేట్‌తో 9 మిలియన్లకు రాజీ అయింది. అంటే పేపర్లో వచ్చే పెద్ద అంకె ప్రతిసారీ పూర్తిగా చేతులు మారదు, చాలా కాంట్రాక్టుల్లో కొత్త జీతాన్ని అందులోంచి మినహాయించే షరతులు ఉంటాయి. అయినా 9 మిలియన్లంటే, పని చేయకుండా ఉన్నందుకు అని గుర్తు పెట్టుకోండి.

లూసియానాలో అయితే సాక్షాత్తూ గవర్నరే రంగంలోకి దిగాడు. ఇలాంటి కాంట్రాక్టు రాసిన అథ్లెటిక్ డైరెక్టర్ కొత్త కోచ్‌ని ఎంపిక చేయడానికి వీల్లేదని బాహాటంగా అన్నాడు. రోజులు తిరక్కుండానే ఆ డైరెక్టర్ పదవి వదిలాడు. ఫిషర్‌ని మొదట ఎ అండ్ ఎమ్‌కి తీసుకొచ్చింది కూడా ఆయనే. ఇంత గొడవ చేసిన గవర్నర్ రాష్ట్రం నెల తర్వాత ఏం చేసింది? ఓల్ మిస్ నుంచి లేన్ కిఫిన్‌ని ఏడేళ్లకు, ఏడాదికి సుమారు 13 మిలియన్ల చొప్పున తెచ్చుకుంది. మన టెక్సస్ గవర్నర్ జీతం ఏడాదికి 1,53,750 డాలర్లు. ఆస్టిన్‌లో యూనివర్సిటీ ఫుట్‌బాల్ కోచ్ జీతం 10 మిలియన్లకు పైన. అత్యధిక రాష్ట్రాల్లో ప్రభుత్వ ఖాతాలో అందరికంటే ఎక్కువ జీతం తీసుకునేది ఫుట్‌బాల్ కోచో, బాస్కెట్‌బాల్ కోచో. ఇది నాన్నకి చెబితే, "కలెక్టరు కంటే డ్రిల్లు మాస్టారికి ఎక్కువా!" అని ఆయన చాలాసేపు నవ్వారు. నవ్వు ఆగాక, తాను డ్రిల్లు పీరియడ్ తీసేసుకుని ఎన్ని లెక్కల క్లాసులు చెప్పానో గుర్తు చేసుకుని కాస్త నొచ్చుకున్నారు కూడా.

ప్రొఫెషనల్ జట్లలో కథ కాస్త వేరు. అక్కడ ఆటగాళ్లను కొనేది, అమ్మేది జనరల్ మేనేజర్. అధికారం సగం అక్కడికి వెళ్లిపోయింది, నింద మాత్రం పూర్తిగా కోచ్ దగ్గరే ఉండిపోయింది. 2023లో డెన్వర్‌కి మొట్టమొదటి ఎన్‌బీఏ కప్పు తెచ్చిన మైకేల్ మలోన్‌ని 2025 ఏప్రిల్‌లో, సీజన్‌లో ఇంకా మూడే మ్యాచ్‌లు ఉండగా పంపేశారు. న్యూయార్క్ నిక్స్ 25 ఏళ్ల తర్వాత కాన్ఫరెన్స్ ఫైనల్ చేరితే, చేర్చిన టామ్ తిబడోని కొద్ది రోజులకే తీసేశారు. ఎన్‌ఎఫ్‌ఎల్‌లో 2025 సీజన్ ముగిశాక లెక్కేస్తే 32 జట్లలో 10 కొత్త కోచ్ కోసం వెతుకులాటలో ఉన్నాయి. బఫలోలో తొమ్మిదేళ్లుగా ఉన్న కోచ్ షాన్ మెక్‌డెర్మట్‌ని తీసేస్తూ, అదే రోజు జట్టును కూర్చిన జనరల్ మేనేజర్‌కి ప్రమోషన్ ఇచ్చారు. సాఫ్ట్‌వేర్‌లో ఉన్నవాళ్లకి ఇది విడమరచి చెప్పక్కర్లేదు. ప్రాజెక్ట్ పోతే ఎవరు పోతారో, ఎవరు పైకి వెళ్తారో మనం చూస్తూనే ఉన్నాం.

కోచ్ వల్ల నిజంగా తేడా వస్తుందా అంటే, వస్తుందనే నేను అంటాను. ఇండియానా యూనివర్సిటీ ఫుట్‌బాల్ చూడండి. పెద్ద స్థాయి కాలేజీ ఫుట్‌బాల్లో అత్యధిక ఓటముల రికార్డు మోసిన జట్టు అది. 2023 సీజన్ అయ్యాక కర్ట్ సిగ్నెటీ వచ్చాడు. మీ మీద నమ్మకం ఎలా కలగాలి అని అడిగితే, నేను గెలుస్తాను, గూగుల్ చేసి చూసుకోండి అన్నాడు. రెండో సీజన్ చివర, ఈ జనవరిలో, ఆ జట్టు జాతీయ విజేత. అయితే ఆయన వచ్చేటప్పుడు తన పాత కాలేజీ నుంచి డజనుకు పైగా ఆటగాళ్లను వెంట తెచ్చుకున్నాడన్నది కూడా కథలో భాగమే. ఇవాళ మంచి కోచ్ అంటే ఆట చెప్పేవాడు మాత్రమే కాదు, బజారు తెలిసినవాడు.

ఆ బజారు కొత్తది. 2021 జూలై నుంచి కాలేజీ ఆటగాళ్లు తమ పేరు, ముఖం వాడుకుని సంపాదించుకోవచ్చు. 2025 జూన్‌లో కోర్టు ఆమోదించిన సెటిల్‌మెంట్‌తో యూనివర్సిటీలే నేరుగా వాళ్లకి డబ్బు పంచుతున్నాయి. మొదటి ఏడాది ఒక్కో యూనివర్సిటీకి పరిమితి 20.5 మిలియన్లు. పైగా ట్రాన్స్‌ఫర్ పోర్టల్‌లో పేరు రాసుకుని వేరే కాలేజీకి వెళ్లిపోవచ్చు, పూర్వంలా ఏడాదిపాటు ఆడకుండా కూర్చోవాల్సిన పని లేదు. ఏడు జాతీయ టైటిళ్లు గెలిచి 2024 జనవరిలో రిటైరైన నిక్ సేబన్, తర్వాత వాషింగ్టన్‌లో సెనేటర్ల ముందు కూర్చుని, యాభై ఏళ్లుగా తాను నమ్మినవేవీ కాలేజీ ఆటల్లో మిగల్లేదని వాపోయాడు. ఆయన బాధ నాకు అర్థమవుతుంది. సగమే ఒప్పుకుంటాను. కోచ్‌లు ఎప్పుడు కావాలంటే అప్పుడు వెళ్లిపోయేవాళ్లు. కిఫిన్ అయితే ఓల్ మిస్ చరిత్రలో మొదటిసారి ప్లేఆఫ్ ఆడబోతుండగా ఆ పిల్లల్ని వదిలి ఎల్‌ఎస్‌యూకి వెళ్లాడు. ఆయన లేకుండానే వాళ్లు సెమీఫైనల్ దాకా వెళ్లారు, అది వేరే సంగతి. పిల్లలు వెళ్తే విశ్వాసం లేదు, కోచ్ వెళ్తే కెరీర్ అంటే ఎలా?

బెంచ్ మీద కూర్చోబెట్టగల మనిషిని కాలేజీ కుర్రాడు ఇవాళ కాస్త ధైర్యంగా ఎదుర్కొంటున్నాడంటే, వాడి చేతిలో డబ్బూ, వెళ్లిపోయే దారీ రెండూ ఉన్నాయి. ఇవి లేని రోజుల్లో ఏం జరిగిందో రికార్డులో ఉంది. ఇండియానాలోనే బాస్కెట్‌బాల్ కోచ్ బాబీ నైట్ 1985లో కోర్టు మీదికి కుర్చీ విసిరాడు. ఆయన ఉద్యోగం పోయింది 2000లో. మూడు టైటిళ్లు గెలిచిన మనిషి కదా. మనవాళ్లు బోలెడంతమంది పిల్లల్ని పంపే రట్గర్స్‌లో మైక్ రైస్ అనే కోచ్ ఆటగాళ్ల మీదికి బంతులు విసురుతూ, బూతులు తిడుతూ ఉన్న వీడియో 2013లో టీవీలో వచ్చింది. వీడియోని యూనివర్సిటీ అధికారులు నెలల ముందే చూశారు. టీవీలో వచ్చాకే తీసేశారు. మేరీలాండ్‌లో 2018 మే నెలలో జోర్డన్ మెక్‌నేర్ అనే 19 ఏళ్ల కుర్రాడు ఎండలో పరుగులు తీస్తూ వడదెబ్బకి కుప్పకూలాడు. రెండు వారాల తర్వాత చనిపోయాడు. సమయానికి శరీరం చల్లబరచలేదని యూనివర్సిటీ ఒప్పుకుంది. కోచ్‌ని సెలవు మీద పంపారు, అక్టోబరులో మళ్లీ తీసుకున్నారు, విద్యార్థులు భగ్గుమంటే మర్నాడు తీసేశారు.

ఇక మా ఇంటి సంగతి.

మా పెద్దమ్మాయి తొమ్మిదో క్లాసు. వాలీబాల్ ఆడుతుంది. శరదృతువులో స్కూలు జట్టు, చలికాలం నుంచి క్లబ్. మా ఉత్తర డాలస్ ప్రాంతంలో ఉన్నవాళ్లకి ఇది తెలిసిన దినచర్యే. ఆలెన్ హైస్కూల్ 2012లో 60 మిలియన్ డాలర్లతో 18 వేల సీట్ల స్టేడియం కట్టుకున్న ప్రాంతం మాది. బడి ఆటని జనం ఎంత పట్టించుకుంటారో దాన్నిబట్టే ఊహించుకోండి. క్లబ్ ఫీజు నాలుగు వేల పైచిలుకు. హోటళ్లు, పెట్రోలు, యూనిఫామ్ వేరే. సంతకం పెట్టే కాగితంలో రెండు షరతులు ఉన్నాయి. ఎవరెంతసేపు ఆడాలన్నది పూర్తిగా కోచ్ ఇష్టం. మ్యాచ్ అయిన 24 గంటల దాకా తల్లిదండ్రులు కోచ్‌తో ఆ విషయం మాట్లాడకూడదు. రెండోది నాకు నచ్చింది కూడా. మనలో కొందరు గ్యాలరీలోంచి అరిచే అరుపులు విన్నవాణ్ణి కాబట్టి.

జనవరి చివర నుంచి పిల్లకి మోకాలి కింద ఎముక నొప్పి. కోచ్‌కి చెప్పింది. నొప్పికీ గాయానికీ తేడా తెలుసుకోవాలి అన్నాడట. ఆ వారం ప్రాక్టీస్ మానేసిన ఇంకో అమ్మాయి తర్వాతి టోర్నమెంట్ అంతా బెంచ్ మీదే కూర్చుంది. మా పిల్ల అది చూసింది. ఇంకేం చెబుతుంది? మాకు కూడా చెప్పలేదు. మూడు వారాలు గెంతుతూనే ఉంది. చివరికి పట్టుకున్నది నాన్న. "పిల్ల మెట్లు పక్కవాటుగా దిగుతోంది, చూశావట్రా?" అన్నారు ఓ ఉదయం. డాక్టర్ ఎమ్మారై తీయించి, ఎముకలో సన్నని చీలిక అన్నారు. ఆరు వారాలు బూటు, సీజన్ ఖతం. ఇంకో రెండు వారాలు అలాగే ఆడి ఉంటే ఆపరేషన్ దాకా వెళ్లేదేమో అన్నారు.

కారులో అడిగాను, మాకెందుకు చెప్పలేదమ్మా అని. "మీరే కదా నాన్నా, కోచ్ చెప్పినట్టు విను, ఎదురు చెప్పకు అన్నారు" అంది. అన్నాను. డిసెంబరులో, భోజనం దగ్గర, పూర్తి నమ్మకంతో అన్నాను. గురువు అనే మాట మనం చాలా సులభంగా వాడేస్తాం. మాస్టారు కొట్టినా మన మంచికే అని పెరిగినవాళ్లం. పక్కన కూర్చున్న మా మాస్టారు కిటికీలోంచి బయటకి చూస్తూ, "నేనూ కొట్టానులే ఒకప్పుడు" అన్నారు. ఇంకేం అనలేదు.

క్లబ్ డైరెక్టర్ మర్యాదగానే మాట్లాడారు. సంతకం పెట్టిన కాగితం చూపించారు. ఫీజు తిరిగి రాదు. కోచ్ ఇరవై మూడేళ్ల కుర్రాడు, పగలు వేరే ఉద్యోగం, సాయంత్రాలు ఇది. చెడ్డవాడని నేను అనను. వాణ్ణీ ఎవరో ఇలాగే పెంచి ఉంటారు. వాడి జట్టు ఆ టోర్నమెంట్‌లో కప్పు కూడా గెలిచింది. మూడు మ్యాచ్‌లు ఓడిన ఫ్రాంక్లిన్ ఉద్యోగం పోయింది గానీ, ఇక్కడ ఏమీ జరగలేదు. ఎందుకు జరగాలి? ఓడిపోలేదుగా. గవర్నర్లు, పేపర్లు, పోర్టల్, కోర్టులు అన్నీ పై అంతస్తులోనే ఉన్నాయి. కింది అంతస్తులో, పద్నాలుగేళ్ల పిల్లల దగ్గర, కోచ్‌కి ఉన్న అధికారం 1985 నాటిదే, జవాబుదారీ మాత్రం ఏమీ లేదు.

అన్యాయం చేయకూడదు, కాబట్టి ఇది కూడా చెప్పాలి. అదే పిల్లకి స్కూల్లో వాలీబాల్ చెప్పే మేడమ్ పగలు జామెట్రీ కూడా చెబుతారు. రాత్రి ఎన్ని గంటలు పడుకున్నారు అని పిల్లల్ని అడుగుతారు. బూటు వేసుకుని వెళ్లిన మొదటిరోజే కూర్చుని స్కోరు రాసే పని అప్పగించి, జట్టుతోనే ఉంచారు. టెక్సస్‌లో 1984 నుంచి పాసవకపోతే ఆడనివ్వరు, అందుకే స్కూలు కోచ్‌లు మార్కులు కూడా పట్టించుకుంటారు. యూసీఎల్ఏలో 12 ఏళ్లలో 10 జాతీయ టైటిళ్లు గెలిచిన జాన్ వుడెన్ కూడా మొదట హైస్కూల్ ఇంగ్లిష్ టీచరే. ప్రతి సీజన్ మొదటిరోజు మేజోళ్లు ముడత పడకుండా ఎలా తొడుక్కోవాలో చూపించేవాడు, పాదానికి బొబ్బ వస్తే ఆట పోతుందని. పిల్ల కాలి గురించి ముందుగా ఆలోచించిన కోచ్ ఈ దేశంలోనే పుట్టాడు, అందరికంటే ఎక్కువ గెలిచాడు.

మరి మనం ఎందుకు నోరు మూసుకుంటాం? గురుభక్తి ఒక్కటే అనుకుంటే మనల్ని మనం పొగుడుకున్నట్టే. కాలేజీ అప్లికేషన్ సంగతి ఉంది కదా. కోచ్ జాబితాలో పేరుంటే అడ్మిషన్ తలుపు తెరుచుకుంటుందని మనందరికీ తెలుసు. 2018లో హార్వర్డ్ కేసు విచారణలో బయటపడిన లెక్కల ప్రకారం, కోచ్‌లు ఎంపిక చేసిన ఆటగాళ్లలో దాదాపు 86 శాతానికి సీటు వచ్చింది. మిగతావాళ్లలో వందకి ఏడుగురికి కూడా రాదు. ఆ జాబితా విలువ ఎంతో 2019లో వర్సిటీ బ్లూస్ కేసు చూపించింది. యేల్‌లో సాకర్ కోచ్, జార్జ్‌టౌన్‌లో టెన్నిస్ కోచ్ లంచాలు తీసుకుని ఆట రాని పిల్లల్ని ఆటగాళ్లుగా రాసిచ్చారు. అయితే ఆ తలుపు ఎంతమందికి? హైస్కూల్ ఆటగాళ్లలో కాలేజీలో ఏ స్థాయిలోనైనా ఆడేది వందకి ఏడుగురు. డివిజన్ వన్‌లో వందకి ఇద్దరు. మిగతా తొంభై మూడు మంది తల్లిదండ్రులు కూడా ఆ ఏడుగురి ఆశతోనే కోచ్ ముందు చేతులు కట్టుకుని నిలబడుతున్నారు. నేను వాళ్లలో ఒకణ్ణి.

దీనికి విరుగుడు కోచ్‌తో తగువు పడటం కాదని మాత్రం గట్టిగా చెబుతాను. మా వాట్సాప్ గ్రూపులో ఒకాయన లాయర్ నోటీస్ ఇమ్మన్నాడు, ఇంకొకాయన ఆట మానిపించి మ్యాథ్ కాంపిటీషన్లో వేయమన్నాడు. రెండూ నాకు నచ్చలేదు. నాకు దారి చూపించింది తల దెబ్బల చట్టం. 2006లో వాషింగ్టన్ రాష్ట్రంలో జాకరీ లిస్టెడ్ అనే 13 ఏళ్ల పిల్లాడు తలకి దెబ్బ తగిలాక మళ్లీ మైదానంలోకి వెళ్లి, జీవితాంతపు వైకల్యం తెచ్చుకున్నాడు. 2009లో ఆ రాష్ట్రం వాడి పేరుమీద చట్టం చేసింది. తలకి దెబ్బ తగిలిందన్న అనుమానం వస్తే పిల్లాణ్ణి వెంటనే బయటకి తీయాలి, వైద్య సిబ్బంది కాగితం మీద రాసిచ్చేదాకా తిరిగి ఆడించకూడదు. 2014కల్లా యాభై రాష్ట్రాలూ ఇలాంటి చట్టాలు చేశాయి. టెక్సస్‌లో 2011లో వచ్చింది. ఇక్కడ ఎవరూ కోచ్‌ని మంచివాడిగా మారమని బతిమాలలేదు. ఒక్క నిర్ణయాన్ని ఆయన చేతిలోంచి తీసి డాక్టర్ చేతిలో పెట్టారు. మిగతా ఆట మొత్తం ఆయనకే వదిలేశారు. కోచ్‌లకీ అది మేలే చేసింది, గెలవాల్సిన రాత్రి ఆ నిర్ణయం తన నెత్తిన ఉండదు కదా.

తలకి ఉన్న ఆ రక్షణ కాలికి లేదు, వెన్నుకి లేదు, భుజానికి లేదు. చట్టం వచ్చేదాకా ఆగక్కర్లేదు. ఇది క్లబ్ కాగితంలో ఒక్క వాక్యంగా రాయించుకోవచ్చు. మూడు రోజులకు మించి నొప్పి ఉంటే డాక్టర్ చీటీ లేకుండా ఆడించరు, ఆ కారణంగా బెంచ్ శిక్ష వేయరు. మన కుటుంబాలు ఇక్కడి క్లబ్బుల్లో చిన్న సంఖ్యలో లేవు. వాలీబాల్, సాకర్, బాస్కెట్‌బాల్ ఏ జట్టు చూసినా ఇద్దరు ముగ్గురు మన పిల్లలు కనిపిస్తారు. నలుగురు కలిసి అడిగితే కాదనే క్లబ్ ఉండదనుకుంటున్నాను. అలాగే అమెరికా జాతీయ క్రీడా సంఘాల పరిధిలో ఉన్న కోచ్‌ల మీద చర్యలు తీసుకుని ఉంటే, సేఫ్‌స్పోర్ట్ సెంటర్ వెబ్‌సైట్‌లో పేరు కొట్టి చూసుకోవచ్చు. ఇల్లు కొనేముందు పైకప్పు తనిఖీ చేయిస్తాం కదా. ఇది రెండు నిమిషాల పని. నేను మొన్నటిదాకా చేయలేదు.

నాన్న మార్చిలో తిరిగి వెళ్లారు. ఫోన్ చేస్తే ముందు అడిగేది కాలు ఎలా ఉందని. తర్వాత, ఆ 53 మిలియన్లాయనకి డబ్బు అందిందా లేదా అని. బూటు తీసేశారు, పిల్ల నెమ్మదిగా పరిగెడుతోంది. వేసవి ట్రైఔట్‌లకు వెళ్తానంది. నేను వద్దనలేదు. ఈసారి మూడు క్లబ్బులకి తనే ఈమెయిల్ రాసింది. దెబ్బ తగిలితే మళ్లీ ఎప్పుడు ఆడాలో మీ దగ్గర ఎవరు నిర్ణయిస్తారు అని ఒక్కటే ప్రశ్న. రెండు క్లబ్బులు జవాబిచ్చాయి. మూడోది ట్రైఔట్ ఫీజు కట్టడానికి లింకు పంపింది.